జెర్రిపోతు: శత్రువని మనం పొరబడిన పొరుగు జీవి

సుమారు పదిహేనేళ్ల నాటి మాట. నాచారంలో మేము బోధిస్తున్న మదరసాలో జుహ్ర్ నమాజు ముగిసింది. వానలు తెరిపి ఇచ్చిన రోజులవి. పిల్లలు దస్తర్‌ఖాన్ చుట్టూ కూర్చుంటుండగా వజూఖానా వైపు నుంచి కేకలు వినిపించాయి. వెళ్లి చూస్తే గోడవారగా మనిషి పొడవును మించిన పాము ఒకటి, దారి తెలియక అటూ ఇటూ పరుగులు తీస్తున్నది. పిల్లలు మా ముఖం వైపు చూశారు. మేము క్షణమైనా ఆలోచించలేదు. "కర్రలు తీసుకురండి" అన్నాము. తొలి దెబ్బ వేసిన పదమూడేళ్ల బాలుణ్ణి వీపు తట్టి "షాబాష్" అని మెచ్చుకున్నాము. ఆ పాము వెంటనే చావలేదు. చాలాసేపు కొట్టారు. ఆ తర్వాత తాడు కట్టి వీధి చివరి వరకూ ఈడ్చుకెళ్లారు. మేము వారించలేదు.

ఆ వీధిన గడ్డిమోపు వేసుకుని సైకిలు మీద వెళ్తున్న ఒక పెద్దాయన ఆగి, చచ్చిన పామును చూసి తల పంకించాడు. "మౌల్సాబ్, గది జెర్రిపోతు. గదానికి ఇసం లేదు. దాన్నెందుకు సంపిండ్రు? ఇగ ఎలుకలను మీరే పట్టాలె" అని తన దారిన తాను వెళ్లిపోయాడు.

ఆ మాటను అప్పుడు మేము పట్టించుకోలేదు. ఆ చలికాలంలో మదరసా సామాన్ల గదిలో ఎలుకలు విపరీతమయ్యాయి. బియ్యం బస్తాలకు చిల్లులు పడ్డాయి. పిల్లల రజాయిలు చిరిగిపోయాయి. ఒక ఉదయం అలమారా తెరిచి చూస్తే, చిన్నపిల్లలు చదువుకునే ఖుర్ఆన్ పారాల అట్టలు కొరికి పొడి చేసి ఉన్నాయి. ఒక్క పాము చచ్చినందువల్లనే ఇదంతా జరిగిందని మేము వాదించము. ఎలుకలు పెరగడానికి వేరే కారణాలూ ఉంటాయి. అయినా ఆ పారాలను చేతుల్లోకి తీసుకున్నప్పుడు గడ్డిమోపు పెద్దాయన మాటే చెవుల్లో మోగింది. మేము ఏ జీవిని చంపించామో కనీసం తెలుసుకుందామన్న ఆలోచన ఆనాడు మొదలైంది. ఈ వ్యాసం దాని ఫలితమే.

ఏమిటీ జెర్రిపోతు?

తెలుగువారు జెర్రిపోతు అనేదాన్నే మన ఉర్దూ ఇళ్లలో ధామన్ అంటారు. శాస్త్రజ్ఞులు దీనికి పెట్టిన పేరు ట్యాస్ మ్యుకోసా. స్వీడన్ దేశపు ప్రకృతి శాస్త్రవేత్త లిన్నేయస్ 1758లోనే దీన్ని తన గ్రంథంలో నమోదు చేశాడు. ఇరాన్, తుర్క్‌మెనిస్తాన్, అఫ్ఘానిస్తాన్ మొదలుకొని మన ఉపఖండం మీదుగా చైనా, తైవాన్, జావా ద్వీపం వరకూ ఇది వ్యాపించి ఉన్నది. ఎదిగిన జెర్రిపోతు సాధారణంగా ఐదారు అడుగులు ఉంటుంది. ఏడెనిమిది అడుగులవీ అరుదు కాదు. మన ఊళ్లలో ఇళ్ల చుట్టూ కనిపించే పాముల్లో పొడవైనవాటిలో ఇదొకటి. ఆ పొడవే దాని పాలిట శాపమైంది. పెద్ద పాము కనుక పెద్ద విషం ఉంటుందని జనం భ్రమపడతారు. నిజానికి దీనికి మనిషికి హాని చేసే విషం లేదు.

దీని రంగు ఒకే తీరుగా ఉండదు. పసుపు కలిసిన గోధుమ వన్నె, ఆకుపచ్చ ఛాయగల బూడిద రంగు, దాదాపు నలుపు, ఇలా నేలను బట్టి మారుతూ ఉంటుంది. ఒంటి వెనుక భాగంలోనూ తోక మీదనూ నల్లని అడ్డగీతలు వలలాగా అల్లుకుని ఉంటాయి. కళ్లు పెద్దవి, కనుపాపలు గుండ్రనివి. పెదవుల పొలుసుల మధ్య సుర్మా పెట్టినట్టు నిలువు నల్లగీతలు కనిపిస్తాయి. మెడ సన్నగా ఉండి తల దాని నుంచి విడిగా తెలుస్తుంది. తోక బాగా పొడవైనది.

ఇది పగటి వేళ తిరిగే పాము. నేల మీద వేగంగా పరుగెత్తుతుంది, చెట్టెక్కుతుంది, నీటిలో ఈదుతుంది. ఎలుకలు, పందికొక్కు పిల్లలు, కప్పలు, తొండలు, పక్షులు దీని ఆహారం. కొండచిలువలాగా చుట్టుకుని బిగించి చంపదు, నాగుపాములాగా విషంతో చంపదు. దొరికిన జీవిని తన ఒంటి బరువుతో నేలకు అదిమిపట్టి మింగుతుంది. ఆడపాము గుడ్లు పెడుతుంది. ఒక విడతలో ఆరు మొదలు పదిహేను దాకా ఉండవచ్చు. సుమారు రెండు నెలలకు పిల్లలు బయటికి వస్తాయి. పుట్టిన క్షణం నుంచే అవి తమ ఆహారం తామే వెతుక్కుంటాయి.

మనిషి ఎదురైతే జెర్రిపోతు చేసే మొదటి పని పారిపోవడం. దారి లేకుండా మూలకు నెడితే మెడను ఉబ్బించి, గొంతులోంచి గుర్రుమనే శబ్దం చేసి, నోరు తెరిచి మీదికి లేస్తుంది. ఆ సమయంలో చేయి పెడితే కరుస్తుంది కూడా. గాయమవుతుంది, రక్తం వస్తుంది, శుభ్రం చేయకపోతే చీము పట్టవచ్చు. అయితే అది విషపు కాటు కాదు. ఆనాడు మా వజూఖానాలో అది బుసలు కొట్టినప్పుడు మేము దాడి అనుకున్నది నిజానికి భయం.

ఉప్పల్, నాచారాల్లో దాని ఇల్లు

ఉప్పల్ భగాయత్ అనే పేరు అందరూ వింటారు కానీ దాని అర్థం తలచుకునేవారు తక్కువ. బాగ్ అంటే తోట. తోటల భూములు గనుక భగాయత్ అయింది. మూసీ ఒడ్డున ఉన్న ఆ నేలలో ఒకప్పుడు పైర్లు, కూరగాయలు ఉండేవి. ఉప్పల్ నుంచి పీర్జాదిగూడ వైపు మూసీ నీటితో పశువుల కోసం పారాగడ్డి పెంచేవారు. మా వీధిలో ఆగిన పెద్దాయన సైకిలు మీద ఉన్నది ఆ గడ్డే. నాచారంలో పెద్ద చెరువు, ఉప్పల్‌లో నల్లచెరువు, రామంతాపూర్‌లో చెరువులు, వాటి మధ్య కాలువలు, పొదలు, రాళ్ల గుట్టలు, చెదపుట్టలు. నీరు ఉన్నచోట కప్ప, గింజ ఉన్నచోట ఎలుక, ఆ రెండూ ఉన్నచోట జెర్రిపోతు. అల్లాహ్ ఏర్పరచిన క్రమం ఇది.

తర్వాత ఏమి జరిగిందో మన కళ్ల ముందే ఉన్నది. నాచారం, ఉప్పల్, మల్లాపూర్‌లలో పారిశ్రామికవాడలు వచ్చాయి. వరంగల్ రహదారికి ఇరువైపులా కాలనీలు నిండాయి. భగాయత్ భూముల్లో ప్లాట్ల రాళ్లు నాటారు. 2017 నవంబరులో మెట్రో రైలు వచ్చాక నేల ధర మరింత పెరిగింది. ఇళ్లు కట్టుకోవడం తప్పు కాదు. మేమూ అలాంటి ఇంట్లోనే ఉంటున్నాము. అయితే పొద కొట్టి, పుట్ట తవ్వి, కాలువ పూడ్చిన తర్వాత అందులోని పాము ఎక్కడికి పోతుంది? మూతపడిన కర్మాగారాల ఆవరణల్లోకి, ఖాళీ ప్లాట్లలో పోసిన ఇటుకల గుట్టల్లోకి, మురుగు కాలువల్లోకి, అక్కడి నుంచి మన గోడల పక్కకు. పాము మన ఇంటికి వచ్చిందని మనం అంటాము. దాని ఇంటికి మనం వచ్చామన్నది కూడా నిజమే.

మరొక మాట. మన వీధుల్లో జెర్రిపోతు తిరగడానికి అసలు కారణం మనం పారవేసే అన్నం. మిగిలిన బిర్యానీని, ఎముకలను, రొట్టెలను సంచిలో కట్టి ఖాళీ స్థలంలోకి విసురుతాము. దానికి ఎలుక వస్తుంది, ఎలుక వెంట పాము వస్తుంది. ఆ పాము ఎలుక కోసం వచ్చిన జెర్రిపోతే కానక్కరలేదు, నాగుపాము కూడా కావచ్చు. ఆహారాన్ని వృథా చేయరాదన్న మన ధర్మబోధను పాటించి ఉంటే ఈ సగం భయం మనకు ఉండేది కాదు.

లోకంలోని ఎలుకల పాములు

ఎలుకలను తినే పాములను ఆంగ్లంలో ర్యాట్ స్నేక్స్ అంటారు. ఇవి ఒక్క జాతి కాదు. మన దక్కనులోనే ట్రింకెట్ పాము అనే మరొకటి ఉన్నది. అది జెర్రిపోతు కంటే చిన్నది, గోధుమ వన్నెది. బెదిరితే ముందు భాగాన్ని పైకెత్తి వంపులు తిప్పి నిలబడుతుంది. దానికీ విషం లేదు. ఈశాన్య రాష్ట్రాల కొండల్లో ఆకుపచ్చ జాతి ఒకటి, ఇండో-చైనీస్ జాతి మరొకటి ఉన్నాయి. ఆగ్నేయాసియా అడవుల్లోని ఒక జాతి సుమారు పన్నెండు అడుగుల దాకా పెరుగుతుంది. అమెరికాలో మొక్కజొన్న గాదెల చుట్టూ తిరిగే కార్న్ స్నేక్, ఐరోపాలో ఈస్కులేపియన్ పాము ఈ కోవలోనివే. దేశాలు మారినా పని ఒక్కటే. గింజను కాజేసే ఎలుకను అదుపులో ఉంచడం.

ఆ పని విలువ తెలియాలంటే ఎలుకను తెలుసుకోవాలి. ఎలుక గర్భకాలం దాదాపు మూడు వారాలే. ఒక్కో ఈతలో ఆరు మొదలు పది దాకా పిల్లలు. ఆ పిల్లలు కొద్ది నెలల్లోనే మళ్లీ ఈనుతాయి. ఎలుక మూత్రం కలిసిన వాననీటి ద్వారా లెప్టోస్పైరోసిస్ అనే జ్వరం మనుషులకు సోకుతుంది. మన దైవప్రవక్త ముహమ్మద్ (సల్లల్లాహు అలైహి వ సల్లం) రాత్రి పడుకునే ముందు దీపాలు ఆర్పమని, పాత్రలపై మూతలు పెట్టమని ఉపదేశించారు. దీపపు వత్తిని ఎలుక లాగి ఇంటికి నిప్పు పెట్టవచ్చని కారణం కూడా వివరించారు. హరమ్ సరిహద్దులోనైనా చంపడానికి అనుమతించిన హానికర జీవుల్లో ఎలుకను పేర్కొన్నారు. అలాంటి ఎలుకను మనకు ఖర్చు లేకుండా, విషపు బిళ్లలు లేకుండా, రాత్రి నిద్ర చెడకుండా తగ్గించే జీవిని మనం కర్రలతో ఎదుర్కొంటున్నాము.

పుకార్లు, పగలు

జెర్రిపోతు చుట్టూ అల్లుకున్న కథలు చాలా ఉన్నాయి. మొదటిది, జెర్రిపోతులన్నీ మగవి, నాగుపాములన్నీ ఆడవి, ఈ రెండూ జతకడతాయన్నది. బహుశా పేరులోని 'పోతు' అన్న మాట ఈ భ్రమకు ఊతమిచ్చి ఉంటుంది. ఇది అసత్యం. జెర్రిపోతుల్లో ఆడా మగా రెండూ ఉన్నాయి. నాగుపాముల్లోనూ అంతే. రెండు పాములు పెనవేసుకుని పైకి లేచి ఆడుతుంటే జనం దాన్ని జతకట్టడం అనుకుంటారు. కొందరు వాటిమీద కొత్త బట్ట కప్పి దాన్ని అదృష్టవస్త్రంగా దాచుకుంటారు. చాలాసార్లు అది రెండు మగ జెర్రిపోతుల బలపరీక్ష మాత్రమే. ఒకదాన్నొకటి నేలకు అదమాలని చూస్తాయి, కరుచుకోవు. ఓడినది తప్పుకుని వెళ్లిపోతుంది. ఆ బట్టలో అదృష్టమూ లేదు, దురదృష్టమూ లేదు. లాభనష్టాలు అల్లాహ్ చేతిలోనే ఉన్నాయి.

రెండవది, ఇది బర్రెల కాళ్లకు చుట్టుకుని పాలు తాగుతుందన్నది. పాము నోటి నిర్మాణం పాలు పీల్చడానికి అనువైనది కాదు. పళ్లు లోపలికి వంగిన సూదుల వంటివి. ఆ నోటితో పొదుగు పట్టుకుంటే ఏ బర్రె ఊరుకుంటుంది? కొట్టాల్లో దాణా ఉంటుంది, దాణాకు ఎలుకలు చేరతాయి, అందుకే పాము అక్కడ కనిపిస్తుంది.

మూడవది, పాము పగబడుతుందన్నది. ఇది అజ్ఞానకాలపు అరబ్బుల్లోనూ ఉండేది. పామును చంపితే దాని జోడు వచ్చి పగ తీర్చుకుంటుందని వారు భయపడేవారు. ఆ భయాన్ని దైవప్రవక్త (స) తీవ్రంగా ఖండించారు. పగ తీర్చుకుంటుందన్న భయంతో పాములను వదిలేసేవాడు తమవాడు కాడన్నారు. ఈ హదీసును గుర్తుపెట్టుకోవాలి. మేము ఈ వ్యాసంలో జెర్రిపోతును వదిలేయమని చెబుతున్నది దాని పగకు భయపడి కాదు, దానికి ఏదో మహిమ ఉందనీ కాదు. పాముకు మొక్కడం ఎలా తగదో, పాము పేరుతో బెదిరిపోవడం కూడా ముస్లిముకు అలాగే తగదు.

ధర్మం ఏమంటున్నది?

ఇక్కడ పాఠకులు న్యాయంగా అడిగే ప్రశ్న ఒకటుంది. పాములను చంపమని హదీసుల్లో ఉన్నది కదా? ఉన్నది. దాన్ని దాచడం మా వంటి వారికి తగదు. మినాలో ఒక గుహ వద్ద ముర్సలాత్ సూరా అవతరించిన సమయంలో ఒక పాము బయటికి వస్తే, దాన్ని చంపమని దైవప్రవక్త (స) ఆదేశించారని హజ్రత్ అబ్దుల్లాహ్ బిన్ మస్‌ఊద్ (రజి) తెలిపారు. సహాబీలు ఉరికేలోపే అది తప్పించుకుపోయింది. అప్పుడు ఆయన, మీరు దాని కీడు నుంచి కాపాడబడినట్లే అదీ మీ కీడు నుంచి కాపాడబడిందన్న భావం వచ్చేలా పలికారు. గమనించండి, పాము వైపు నుంచి చూస్తే మనిషిదీ ఒక కీడే!

అదే హదీసు గ్రంథాల్లో మరొక సంఘటన ఉన్నది. హజ్రత్ అబ్దుల్లాహ్ బిన్ ఉమర్ (రజి) కనిపించిన పామునల్లా చంపేవారు. ఇళ్లలో నివసించే పాములను చంపవద్దని దైవప్రవక్త (స) వారించినట్లు హజ్రత్ అబూ లుబాబా (రజి) తెలియజేయగానే ఆయన మానుకున్నారు. కందక యుద్ధకాలంలో కొత్తగా పెళ్లయిన యువకుడొకరు తన పడకపై చుట్టుకున్న పామును ఈటెతో పొడవగా, పామూ ఆయనా కూడా మరణించిన ఉదంతాన్ని హజ్రత్ అబూ సయీద్ ఖుద్రీ (రజి) వివరించారు. ఇళ్లలో కనిపించేవాటికి మూడు రోజులు హెచ్చరిక ఇవ్వాలన్న ఆదేశం ఆ సందర్భంలోనిదే. ఈ హెచ్చరిక మదీనా ఇళ్లకే పరిమితమని కొందరు పండితులు అన్నారు. అన్ని ఊళ్ల ఇళ్లకూ వర్తిస్తుందని మరికొందరు అన్నారు.

మేము ఫత్వా ఇచ్చే స్థానంలో లేము. విద్యార్థిగా గ్రహించినది మాత్రం చెబుతాము. చంపడానికి అనుమతించిన చోట దానికి కారణం హాని. నాగుపామో రక్తపింజరో పిల్లల మీదికి వస్తే, వేరే దారి లేకపోతే, ప్రాణరక్షణ తప్పనిసరి. విషం లేని, పారిపోయే, ఎలుకలను తగ్గించే జీవి విషయంలో ఆ కారణం ఎక్కడుంది? పైగా అనుమతి ఉన్న పని ప్రతిసారీ చేసి తీరవలసిన పని కాదు. పామును ప్రాణాలతో పట్టి దూరంగా వదిలే శిక్షితులు పిలిస్తే వచ్చే ఈ రోజుల్లో, కర్రే మొదటి ఉపాయం కానక్కరలేదు. ఇక చంపవలసి వచ్చినా మంచి తీరులో, త్వరగా, హింసించకుండా చంపమన్నది ప్రవక్త (స) బోధ. ఆనాడు మా పిల్లలు చేసినది, మేము చూస్తూ ఊరుకున్నది ఆ బోధకు విరుద్ధం. ఒక చీమ కుట్టినందుకు చీమల పుట్టనే తగులబెట్టిన పూర్వ ప్రవక్తను అల్లాహ్ మందలించిన ఉదంతాన్ని మేము తరగతిలో ఎన్నిసార్లు చెప్పామో! మా వజూఖానాలో మాత్రం అది గుర్తు రాలేదు.

దివ్యఖుర్ఆన్‌లోని నూర్ సూరా జీవులన్నింటినీ అల్లాహ్ నీటి నుంచి సృష్టించాడని తెలుపుతూ, వాటిలో కొన్ని పొట్టపై పాకుతాయని, కొన్ని రెండు కాళ్లపై, కొన్ని నాలుగు కాళ్లపై నడుస్తాయని వివరిస్తుంది. ఆ వరుసలో మొదట చెప్పినది పొట్టపై పాకేవాటిని. అన్‌ఆమ్ సూరా నేలపై తిరిగే జంతువులు, ఎగిరే పక్షులు మీవంటి సముదాయాలేనని బోధిస్తుంది. హజ్రత్ మూసా (అలైహిస్సలాం) చేతికర్ర పాముగా మారినప్పుడు ఆయన వెనుదిరిగి పరుగెత్తారు. భయపడవద్దని అల్లాహ్ ఊరడించాడు. కనుక పామును చూసి భయపడటం తప్పు కాదు, అది మానవ స్వభావం. ఆ భయంలో విచక్షణ కోల్పోవడమే తప్పు.

మన పూర్వ పండితులు జీవుల గురించి తెలుసుకోవడాన్ని చిన్నచూపు చూడలేదు. 9వ శతాబ్దంలో జాహిజ్, 14వ శతాబ్దంలో దమీరీ జంతువులపై పెద్ద గ్రంథాలు రాశారు. మన కాలంలో, మన వీధిలోనే అలాంటి పరిశోధన జరిగిన సంగతి కూడా చెప్పుకోవాలి. ఉప్పల్ రోడ్డులో ఉన్న సీసీఎంబీ పరిశోధనాలయంలో డాక్టర్ లాల్జీ సింగ్ 1980ల చివరలో భారతీయ డీఎన్ఏ వేలిముద్రల పద్ధతిని రూపొందించారు. దానికి ఆధారమైనది పసుపు, నలుపు పట్టీలుగల ఒక కట్లపాము డీఎన్ఏపై ఆయన అంతకుముందు చేసిన అధ్యయనం. ఆ పద్ధతి కోర్టుల్లో నేరస్థులను గుర్తించడానికీ, నిర్దోషులను విడిపించడానికీ ఉపయోగపడింది. ఆ పని కోసమే ఏర్పడిన సీడీఎఫ్‌డీ సంస్థ కొంతకాలం మన నాచారంలోనే ఉండి, ఇప్పుడు ఉప్పల్‌లో ఉన్నది. మనం చూడగానే చంపాలనుకునే ప్రాణి నుంచి న్యాయస్థానాలకు ఒక సాధనం లభించింది. అల్లాహ్ దేనినీ వ్యర్థంగా సృష్టించలేదనడానికి ఇంతకంటే దగ్గరి నిదర్శనం మాకు కనిపించదు.

ఇంట్లో పాము కనిపిస్తే

ఇప్పుడు అతి ముఖ్యమైన హెచ్చరిక. జెర్రిపోతు విషం లేనిదని చదివి, కనిపించిన పొడవైన పామునల్లా జెర్రిపోతు అనుకోకండి. పడగ విప్పని నాగుపాము దూరం నుంచి అచ్చం జెర్రిపోతులాగే ఉంటుంది. పెదవుల గీతలు, కళ్ల పరిమాణం చూడటానికి దగ్గరికి పోవడమంటే ప్రాణంతో చెలగాటం. గుర్తుపట్టే పని తెలిసినవారికి వదలండి. మన పని దూరంగా ఉండటం.

పిల్లలను, వృద్ధులను వెంటనే బయటికి పంపండి. పాము ఉన్న గది తలుపు మూసి, కింది సందులో తువ్వాలు కుక్కండి. అది ఆరుబయట ఉంటే, పారిపోయే దారి వదిలి దూరం నుంచి కనిపెట్టండి. ఆ తర్వాత అటవీశాఖకు గానీ, హైదరాబాదులో 1995 నుంచి పాములను రక్షిస్తున్న ఫ్రెండ్స్ ఆఫ్ స్నేక్స్ సొసైటీకి గానీ ఫోను చేయండి. వారి నంబరు ముందే రాసి గోడకు అంటించుకోవడం మంచిది. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం జెర్రిపోతుకు రక్షణ కల్పించింది. దాన్ని చంపడం, పట్టి అమ్మడం నేరం. ఒకప్పుడు చెప్పులకు, సంచులకు ఈ పాము తోలును విదేశాలకు పంపేవారు. పాము తోళ్ల ఎగుమతిని ప్రభుత్వం 1976లో నిషేధించింది.

ఎవరినైనా పాము కరిస్తే అది ఏ పామన్న చర్చ పెట్టుకోకండి. కరిచిన అవయవాన్ని కదపనీయకుండా, గట్టిగా కట్టు కట్టకుండా, కోయకుండా, నోటితో పీల్చకుండా నేరుగా పెద్ద ఆసుపత్రికి తీసుకెళ్లండి. నాగుపాము, కట్లపాము, రక్తపింజర, చిన్న పింజర అనే నాలుగింటి విషానికీ విరుగుడు మందు ఒక్కటే ఉన్నది. అది ఆసుపత్రిలోనే లభిస్తుంది. 2000 నుంచి 2019 వరకూ మన దేశంలో పాముకాటుతో సుమారు 12 లక్షల మంది మరణించారని 2020లో వెలువడిన ఒక అధ్యయనం అంచనా వేసింది. అంటే ఏడాదికి సగటున 58 వేలు. ఫాతిహా సూరా పఠించి ఊదడం సహాబీల ఆచరణలో ఉన్నదే. దారిలో పఠిస్తూ వెళ్లండి. పఠనం కోసం ఆసుపత్రి దారి మాత్రం ఆపకండి. దువా చేయమన్న ప్రవక్తే (స) వైద్యం చేయించుకోమన్నారు.

ఇంటి చుట్టూ ఇటుకలు, కట్టెలు, పాత సామాను గుట్టలుగా వేయకండి. తలుపుల కింది సందులు, కాలువ రంధ్రాలు జాలీతో మూయండి. ఆహారపు వ్యర్థాలను చెత్తబండికే ఇవ్వండి. రాత్రి వేళ, ఫజ్ర్‌కు మసీదుకు వెళ్లేటప్పుడు టార్చి లేకుండా నడవకండి. ఎలుకల మందు విచ్చలవిడిగా పెట్టకండి. ఆ మందు తిన్న ఎలుకను తిని పాము, గుడ్లగూబ కూడా చస్తాయి, ఎలుకలు మాత్రం మళ్లీ వస్తాయి.

ఒక ఫోను పిలుపు

గత వానాకాలంలో ఇషా తర్వాత మాకు ఫోను వచ్చింది. ఆనాడు తొలి దెబ్బ వేసి మా మెప్పు పొందిన బాలుడే. ఇప్పుడు మల్లాపూర్‌లో కాపురం, ఏడాది నిండని పాప. "హజ్రత్, వంటింట్లో పాము. పొడుగ్గా ఉంది. కర్ర తీసుకున్నాను. కొట్టనా?" అని ఆదుర్దాగా అడిగాడు. మాకు పదిహేనేళ్ల నాటి "షాబాష్" గుర్తొచ్చింది. "బేటా, కర్ర కింద పెట్టు. పాపను, కోడలిని తీసుకుని బయటికి రా. తలుపు మూసి తువ్వాలు కుక్కు" అన్నాము. అతను అలాగే చేశాడు. గంటలోపు పాములు పట్టేవారు వచ్చారు. గిన్నెల అర వెనుక నుంచి వారు తీసినది జెర్రిపోతు కాదు, నిండుగా ఎదిగిన నాగుపాము. చీకటి మూలలో కర్రతో దగ్గరికి వెళ్లి ఉంటే ఏమయ్యేదో తలచుకుంటేనే గుండె ఆగినట్టవుతుంది. జెర్రిపోతును కాపాడే అలవాటే ఆ రాత్రి ఒక కుటుంబాన్ని కాపాడింది. అల్‌హమ్దులిల్లాహ్.

మరునాడు తరగతిలో ఈ సంగతి చెప్పాము. పాత సంగతి కూడా, మా తప్పుతో సహా చెప్పాము. ఉస్తాదు తప్పు ఒప్పుకుంటే పిల్లలకు లోకువవుతాడని కొందరు అంటారు. మాకు అలా అనిపించలేదు. ముందు వరుసలోని ఒక చిన్నవాడు, "హజ్రత్, సృష్టిలో ప్రతిదీ అల్లాహ్‌ను స్తుతిస్తుందని మీరే చెప్పారు కదా. మరి జెర్రిపోతు కూడా తస్బీహ్ చేస్తుందా?" అని అడిగాడు. "చేస్తుంది బేటా. ఆ తస్బీహ్ మనకు అర్థం కాదని ఖుర్ఆన్ చెప్పింది" అన్నాము. వాడు కాసేపు ఆలోచించి, "అయితే మనం ఒకదాన్ని ఆపేశాం" అన్నాడు. మా దగ్గర జవాబు లేదు. ఇస్తిగ్‌ఫార్ చేసి పాఠం మొదలుపెట్టాము.

అల్లాహ్ మనకు తన సృష్టిని తెలుసుకునే జ్ఞానాన్ని, భయంలోనూ న్యాయం తప్పని హృదయాన్ని ప్రసాదించుగాక. మన ఇళ్లను, మన పిల్లలను కాపాడుగాక. ఆమీన్.